ఊ కొట్టే చెవి

వేసవి రాత్రి, మేడ మీద చాపలు, పైన చుక్కలు, పక్కన అమ్మమ్మ. అలా కథలు విన్నవాళ్ళకి ఒక షరతు గుర్తుండే ఉంటుంది. ఊ కొట్టాలి. ఊ ఆగిందా, కథ ఆగుతుంది. వేటకు వెళ్ళిన ఏడుగురు రాకుమారులూ ఉన్నపళాన దారి మధ్యలో నిలబడిపోతారు. "నిద్రపోయావుట్రా?" అని చీకట్లోంచి గొంతు. లేదు లేదు, ఊ! ఆ ఒక్క అక్షరానికి గుర్రాలు కదులుతాయి, చేపలు ఎండుతాయి, పుట్టలో చీమ మళ్ళీ కుడుతుంది. కథంతా అమ్మమ్మదే అనుకున్నాం ఇన్నాళ్ళూ. ఎంత అమాయకత్వం! సగం కథ మన ఊలోంచి పుట్టిందే.

ఈ సంగతి నాకు తెలిసొచ్చింది మాత్రం సైకాలజిస్టు గదిలో. శిక్షణలో ఉన్న పిల్లలు రోగులతో మాట్లాడుతుంటే ఓ మూల కుర్చీలో కూర్చుని వినడం చాలా ఏళ్ళు నా ఉద్యోగం. దాన్ని క్లినికల్ ఇంటర్వ్యూ అంటారు. పేరులోనే స్పిరిట్ వాసన! బల్లకి ఇటు ముగ్గురు పెద్దమనుషులు, అటు చెమటలు కక్కుతున్న కుర్రాడు కళ్ళముందు కదులుతారు. తలుపు తీసుకుని లోపలికి వస్తే అక్కడ జరుగుతున్నది కచేరీ. పాట రోగిది. రాగమూ రోగిదే, తాళం తప్పితే ఆ తప్పడమూ రోగిదే. సైకాలజిస్టుది పక్కవాద్యం. మంచి ఫిడేలు విద్వాంసుడు గాయకుడి వెనకాలే ఒక వెంట్రుకవాసి దూరంలో నడుస్తాడు చూడండి, ముందుకు తోయడు, వెనక్కి లాగడు, గాయకుడు ఆగిన చోట ఆ స్వరాన్ని గాలిలో పడిపోనివ్వకుండా పట్టుకుంటాడు. ఆ పట్టుకోవడంలో ఉంది ఈ విద్య సొగసంతా.

ఒక్కసారి నాతో కాలిఫోర్నియా రండి. 1964వ సంవత్సరం. ఎవరెట్ షోస్ట్రం అనే సైకాలజిస్టు ఒక సినిమా తీస్తున్నాడు. ఒకే మనిషి ఒకే రోజు మనోచికిత్సలో ముగ్గురు హేమాహేమీల ఎదుట కూర్చుంటుంది. లోకానికి ఆమె గ్లోరియా. ముప్ఫై ఏళ్ళ ప్రాయం, విడాకులు అయ్యాయి, తొమ్మిదేళ్ళ కూతురుంది. మొదట కార్ల్ రోజర్స్, తరువాత ఫ్రిట్జ్ పెర్ల్స్, ఆఖరున ఆల్బర్ట్ ఎల్లిస్. పెర్ల్స్ ఆమె నవ్వును నిలదీస్తాడు, భయమంటూనే నవ్వుతున్నావే, ఇదంతా నటన అని గుచ్చుతాడు. ఎల్లిస్ పాఠం మొదలుపెడితే ఊపిరి తీసుకోడు. వాళ్ళ విద్యకు వాళ్ళ రసికులున్నారు. నా చెవి మాత్రం మొదటి అరగంట దగ్గరే గూడు కట్టుకుంది.

రోజర్స్‌కి అప్పుడు అరవై రెండేళ్ళు. బట్టతల, కళ్ళజోడు, ఊరి బడిలో చాలాకాలం పనిచేసిన హెడ్మాస్టరు గారి వాలకం. అరగంట ఉంది మనకి, ఈ అరగంటని ఏం చేసుకోగలమో నాకూ తెలియదు, ఏదో ఒకటి చేసుకోగలమనే ఆశ, మీ మనసులో ఉన్నది ఏదైనా సరే వినాలని ఉంది... ఇదీ ఆయన ఎత్తుగడ భావం. గమనించారా? అందులో ప్రశ్న లేదు! పేరేమిటి, ఊరేమిటి, బాధేమిటి, ఎన్నాళ్ళ నుంచి అనే ఆ నాలుగు స్తంభాలూ లేవు. తంబూరా తీగను అలా వేలితో తాకి వదిలాడు, అంతే. గ్లోరియా మొదటి మాటల్లోనే అసలు సంగతి బయటపెట్టింది. కంగారుగా ఉంది గానీ, మీరిలా మెల్లగా మాట్లాడుతుంటే కాస్త కుదుటపడ్డాను, మీరు నా మీద కఠినంగా ఉండరనిపిస్తోంది అన్న భావంలో చెబుతుంది. ఆహా! అర్థం చెవిని చేరకముందే శ్రుతి మనసుని చేరింది.

ఆమెను తొలుస్తున్నది ఒక అబద్ధం. విడాకుల తరువాత మగవాళ్ళతో సంబంధం ఉందా అని కూతురు అడిగింది, లేదంది తల్లి. నిజం చెబితే పిల్ల మనసు విరుగుతుందా, చెప్పకపోతే పిల్లకూ తనకూ మధ్య ఉన్న నమ్మకం విరుగుతుందా? తేల్చి చెప్పండి అని ఆమె మళ్ళీ మళ్ళీ అడుగుతుంది. మనమైతే ఏం చేస్తాం? ఉచితంగా సలహా ఇచ్చే అవకాశం వస్తే వదులుకునే జాతి కాదు మనది. రోజర్స్ మాత్రం, ఆ జవాబు నా చేతుల్లో ఉంటే బాగుండేది, అది మీరు వెతుక్కోవలసిందే, వెతుకుతున్నంతసేపూ మీ పక్కనుంటాను అనే ధోరణిలో నిలబడతాడు. చందమామ కావాలని మారాం చేసిన బాలరాముడికి అద్దంలో చూపించారని చెప్పుకుంటాం. ఈయన చేతిలోనూ అద్దమే. అందులో గ్లోరియాకి కనిపించింది గ్లోరియానే! మెల్లమెల్లగా ఆమె ప్రశ్న రంగు మారుతుంది. కూతురు నన్ను ఒప్పుకుంటుందా అన్నది, నన్ను నేను ఒప్పుకుంటున్నానా అని వినిపించడం మొదలవుతుంది. ఎవరూ మార్చలేదు దాన్ని. పండు తనంతట తాను రంగు తిరిగినట్టు తిరిగింది.

చివరి నిమిషాలు చూడండి. మా నాన్నతో ఎప్పుడూ ఇలా మాట్లాడలేకపోయాను, మీరే నాన్నయితే ఎంత బాగుండేది అంటుంది, కళ్ళలో నీళ్ళు. అప్పుడు ఆ పెద్దాయన, నా కంటికి నువ్వు చక్కని కూతురిలా కనిపిస్తున్నావు అన్న అర్థం వచ్చేలా ఒక్క చిన్న మాట అంటాడు. దాని మీద పండితులు పేజీలకు పేజీలు రాశారు, తండ్రి మీది మనసు చికిత్స చేసేవాడి మీదికి మళ్ళడమే, ట్రాన్స్‌ఫరెన్స్ అన్నారు, హద్దు దాటాడన్నారు. రాసుకోనివ్వండి. ఎండకు నెర్రెలిచ్చిన మడిలోకి తొలికారు నీళ్ళు దిగేటప్పుడు వచ్చే ఆ చిరుచప్పుడు విన్న చెవికి ఈ వాదాలతో పనేముంది! అయితే ఒక మాట దాచకూడదు. తనకు ఆ సమయంలో ఎక్కువ పనికొచ్చినవాడు పెర్ల్స్ అని గ్లోరియా అదే సినిమాలో చెప్పింది. ఆ మాటకి నేను మొదట నొచ్చుకున్నాను కూడా. కానీ 1979లో కన్నుమూసేదాకా, దాదాపు పదిహేనేళ్ళు, ఆమె పలకరింపులు అందింది రోజర్స్‌కే.

పట్టింపున్నవాళ్ళు రోజర్స్ చేసింది చికిత్స, క్లినికల్ ఇంటర్వ్యూ పరీక్ష అని గీత గీస్తారు. కాగితం మీద ఆ గీత నిజమే. చెవికి అది ఆనదు.

ఆ అరగంటలో రోజర్స్ ఎక్కువసార్లు అన్నది ఏమిటంటారా? ఊ. ఇంగ్లీషువాడి గొంతులో అది పెదవులు మూసుకుని పలికే మ్‌హ్మ్. ఆ చిన్న ధ్వనిని తక్కువ చేయకండి. 1955లో గ్రీన్‌స్పూన్ అనే సైకాలజిస్టు ఒక తమాషా ప్రయోగం ప్రచురించాడు. మనుషుల్ని కూర్చోబెట్టి తోచిన మాటలు ఒక్కొక్కటే చెప్పమన్నాడు. కొందరి విషయంలో బహువచనం వచ్చిన ప్రతిసారీ ఊ అన్నాడు. ఇంకేముంది, వాళ్ళ నోట బహువచనాలు పెరిగాయి! ఊహూ అన్నచోట తగ్గాయి. చాలామందికి తమ నోట్లో జరుగుతున్న ఈ మాయ తెలియనే తెలియదు. 1966లో ట్రూయాక్స్ అనే సైకాలజిస్టు ఇంకో అడుగు వేసి రోజర్స్ సంభాషణల రికార్డులనే విప్పి చూశాడు. నేనెవరినీ నడిపించను అన్న మహానుభావుడి గొంతులో వెచ్చదనం కూడా కొన్ని రకాల మాటల తరువాతే ఎక్కువగా పలుకుతోందట. హ్యారీ స్టాక్ సలివన్ అనే మనోవైద్యుడు అంతకు ముందునుంచే అంటూ వచ్చాడు, గదిలో ఉన్నవాడు పరిశీలకుడు మాత్రమే కాదు, పాల్గొనేవాడు కూడానని. మా పిల్లలు కొందరు ఇది చదివి బెంగపడతారు, అయితే ఊ అనడం మానెయ్యాలా అని. పిచ్చివాళ్ళు! బుర్రకథలో వంతలు తందాన తాన అనకపోతే కథకుడికి తంబురా మీటే ఊపు ఎక్కడిది? ఊ అమాయకమైనది కాదని తెలిసి కొట్టడంలోనే కదా నేర్పు.

ఇక మన గదికి వద్దాం. ప్రభుత్వాసుపత్రి ఓపీ. నెత్తిన కిర్రు కిర్రుమంటూ ఫ్యాను, బయట బెంచీ మీద చీటీలు పట్టుకుని జనం. అరవై దాటిన ఒక తల్లి, వెంట కొడుకు. (ఎవరి గుట్టూ బయటపడకుండా నలుగురైదుగురిని ఒక్కరుగా కలిపి చెబుతున్నాను. 2017 నాటి మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం గోప్యతను రోగి హక్కుగా రాసింది, మా పాతకాలపు మర్యాద కూడా అదే.) కొడుకు ఊపిరి తిప్పుకోకుండా చెబుతున్నాడు: రెండు నెలలుగా నిద్ర లేదండి, తిండి లేదండి, స్కానింగులన్నీ తీయించామండి, ఏమీ లేదన్నారండి, ఎర్రగడ్డ దాకా ఎందుకని ఇక్కడికే తెచ్చామండి. ఆ తల్లి తన సంగతి వేరెవరిదో అన్నట్టు కిటికీ వైపు చూస్తోంది. మా అమ్మాయి, శిక్షణలో రెండో ఏడు, అతను చెప్పిందంతా విని, "బాబూ, మీతో మళ్ళీ విడిగా మాట్లాడతాను, మీ మాట నాకు చాలా అవసరం, కాసేపు బయట కూర్చుంటారా" అంది. అతను పరువు తగ్గకుండా లేచి వెళ్ళాడు. ఇది ఏ పుస్తకంలోనూ ఉండదు. పెళ్ళిళ్ళలో వియ్యపురాలిని పంక్తి మార్చి కూర్చోబెట్టగల ఇల్లాలికే చేతనయిన పని!

తలుపు మూసుకుంది. అమ్మాయి కలం పక్కన పెట్టింది. విడిచి విడవని దృష్టితో, దేన్నీ ఎంచకుండా, వచ్చిన ప్రతి మాటనీ ఒకే తీరుగా వినమనీ, వింటూ రాసుకోవద్దనీ ఫ్రాయిడ్ 1912లో వైద్యులకు సలహా ఇచ్చాడు. కేసు షీటు నింపాల్సిన మన ఓపీల్లో అదంత సులువు కాదు. అయినా మొదటి పది నిమిషాలు కలాన్ని పడుకోబెట్టగలిగితే చాలు.

"అరికాళ్ళ నుంచి మంటలు పైకి పాకుతయ్యి తల్లీ."

"పాకుతయ్యా?"

"పాకుతయ్యి. రాత్రిపూట. గోడకి ఆనుకుని పడుకుంటానా, పొయ్యి సెగ తగిలినట్టే."

"రాత్రిపూట... ఊ."

చూశారా ఆ సొగసు! రోగి క్రియాపదాన్ని రోగి యాసలోనే, పువ్వు వాడకుండా, తిరిగి ఆమె చేతిలో పెట్టింది. మంట అన్నదాన్ని నరాల జబ్బుగానో ఆందోళనగానో అనువదించే తొందర ఆ గొంతులో లేదు. అసలు మన భాషలో బాధకు ఎన్ని పేర్లు! దిగులు. అందులో గుండె మెట్టు మెట్టుగా కిందికి దిగుతున్న చప్పుడుంటుంది. బెంగ. అది దూరమైన మనిషి పేరు లేకుండా రాదు. తెలంగాణలో రంది. మనిషిని లోపల్నుంచి మెల్లగా తినే పురుగు. బుగులు. పలికితేనే కడుపులో బుడగ లేస్తుంది. మనాది. మనోవ్యాధి అనే సంస్కృత పండితుడు పల్లెలో కాపురం పెట్టి పంచె పైకి కట్టిన రూపం. ఇవన్నీ డిప్రెషన్ అనే ఒక్క గోనెలో కుక్కి మూతి కట్టే చేతులను చూస్తే నాకు ఒళ్ళు మండుతుంది. గోనె అవసరమే, రికార్డుకి కావాలి, మందుకి కావాలి. కానీ కట్టేముందు గింజల్ని ఒక్కసారి అరచేతిలో పోసుకుని చూడరాదూ!

ప్రశ్నల సంగతి క్లుప్తంగా చెబుతాను. ఎందుకు అన్న మాట తెలుగులో సగం ప్రశ్న, సగం చెంపదెబ్బ. ఎందుకు తినట్లేదు, ఎందుకు ఏడుస్తున్నావు అనడిగితే జవాబు రాదు, సంజాయిషీ వస్తుంది. ఏమవుతోంది, ఎలా ఉంటోంది, అప్పుడేం చేశారు. ఈ మూడూ చేతిలో ఉంటే చాలు. ఆ తరువాత మౌనం. కొత్తవాళ్ళకు అది ఎక్కిన రైలు కదలనట్టుంటుంది, కంగారుపడి ఇంకో ప్రశ్న తోసేస్తారు. ముదిరిన చెవికి ఆ మౌనంలో నీళ్ళు మరుగుతున్న సవ్వడి వినిపిస్తుంది.

మానసిక స్థితిని పరీక్షించే వరుసలో నాకు అన్నిటికన్నా ఇష్టమైన ఘట్టం సామెతలు. నూరులోంచి ఏడు తీసుకుంటూ పోవడం, తొంభై మూడు, ఎనభై ఆరు, డెబ్బై తొమ్మిది, అది ఏకాగ్రతకు. బడి ముఖం చూడనివాళ్ళకి చిల్లర లెక్కలు ఇస్తాం. సంతలో బేరమాడినవాళ్ళు మమ్మల్నే ఓడిస్తారు. సామెత మాత్రం ఊహాశక్తికి గీటురాయి. పైమాట దగ్గరే ఆగిపోతున్నారా, లోపలి అర్థం అందుకుంటున్నారా అని చూడటం. కావ్యానికి ధ్వనే ప్రాణమన్న ఆనందవర్ధనుడు చూసి ఉంటే మురిసిపోయేవాడు! వాచ్యార్థం నుంచి ధ్వనికి దాటగలవా అని ఆసుపత్రి గదిలో మామూలు మనిషిని అడుగుతున్నారు, దానికి మార్కు కూడా వేస్తున్నారు.

"పొరుగింటి పుల్లకూర రుచి అంటారు కదమ్మా, అంటే ఏమిటంటారు?"

ఆ తల్లి ముఖంలో మొదటిసారి చిన్న నవ్వు. "నిజమే తల్లీ. మా తోడికోడలు గోంగూర చేస్తే గోడవతలకి వాసనొచ్చేది."

ఇక్కడ ఆగండి. పరీక్ష ప్రకారం ఇది పొడి జవాబు. సామెత అర్థం చెప్పలేదు, తన ఇంటి ముచ్చట చెప్పింది. పక్క పెట్టెలో టిక్కు పెట్టి తరువాతి ప్రశ్నకు పోవచ్చు, రోజుకు నలభై మందిని చూసే చోట పోతారు కూడా. మా అమ్మాయి పోలేదు. మెల్లగా, వాక్యం కొసను మాత్రమే పట్టుకుంది.

"వచ్చేదా?"

ఎంత చెవి! వస్తుంది కాదు, వచ్చేది. క్రియ తోకలో దాగిన మరణాన్ని వినింది ఆ పిల్ల. ధ్వని పరీక్ష రోగికి పెట్టారనుకున్నాం గానీ, పెట్టింది వినేవాళ్ళకి! ముసలమ్మ చెంగు నోటికి అడ్డం పెట్టుకుంది. మాఘమాసంలో పోయింది తల్లీ అంది. నలభై ఏళ్ళు ఒకే గోడకు అటూ ఇటూ కాపురాలు. భర్త పోతే పరామర్శకు ఊరు కదిలి వస్తుంది, కొడుకు పోతే చుట్టాలు నెలలు ఉంటారు. తోడికోడలు పోయిన దుఃఖానికి మన లోకంలో పీట వెయ్యరు. దినాలైన మర్నాడే ఈమె కూడా పొయ్యి వెలిగించింది. నాలుక మీద మాత్రం అప్పటినుంచీ దేనికీ రుచి లేదు.

ఆ తరువాత అడగవలసిన ప్రశ్న ఒకటుంది. దాన్ని అడగడానికి నాలుక మొరాయిస్తుంది. అడిగితే లేని ఆలోచన పుట్టిస్తామేమో అని జంకు. అలా పుట్టదని, అడిగితే బరువు దిగుతుందే తప్ప పెరగదని ఈ రంగంలో పరిశోధనలు పదే పదే చెప్పాయి. అయినా అడిగే తీరు ఒకటుంది. అమ్మాయి గొంతు ఇంకాస్త కిందికి దిగింది. "ఈ బతుకెందుకు అనిపించిందా అమ్మా?" అనిపించకేం అందామె. "చనిపోవాలని కూడా అనిపించిందా?" చుట్టూ తిప్పని మాట, తెల్లని మాట. ముసలమ్మ తలెత్తి ఆ పిల్ల కళ్ళలోకి చూసింది. రెండు నెలలుగా ఇంట్లో అందరూ భయపడి తొక్కకుండా దాటిపోతున్న రాయిని ఎవరో చేత్తో ముట్టుకున్నారు! ఒకసారి అనిపించింది, ఇప్పుడు లేదు, మనవరాలి పెళ్ళి చూడాలిగా అంది. పొలం మందులకు తాళం వేయించమని మీ అబ్బాయికి చెబుతాను, ఆ ఒక్క మాటే చెబుతాను, మీకు తెలియకుండా ఇంకేదీ చెప్పను అంది అమ్మాయి. ముసలమ్మ తల ఊపింది. గదిలో గాలి తేలికపడింది, ఫ్యాను శబ్దం మళ్ళీ వినిపించింది. అంతసేపూ అది తిరుగుతూనే ఉందన్న సంగతి నాకు అప్పుడు గుర్తొచ్చింది.

వేళ అయిపోయింది. మళ్ళీ వచ్చే రోజు చీటీ మీద రాసి ఇచ్చింది. కొడుకు ఆటో మాట్లాడటానికి వెళ్ళాడు. తెలుగువాళ్ళ అసలు మాటలు గడప దగ్గరే ఉంటాయని మీకు వేరే చెప్పాలా? వెళ్ళొస్తామని లేచాక వీధి అరుగు మీద గంట. ఈ వృత్తిలో కూడా అంతే, తలుపు గడియ మీద చెయ్యి పడ్డాకనే నోరు విప్పేవాళ్ళు ఎంతమందో! అందుకే మా పిల్లలకు చెబుతాను, రోగి లేచాక ఫైలు మూయకండి, ముందు తలుపు దాకా నడవండి అని.

ముసలమ్మ గడప దగ్గర ఆగింది. ఒక కాలు చెప్పులో ఉంది, ఒక కాలు లేదు. వెనక్కి తిరగలేదు. తలుపు చెక్కతో చెబుతున్నట్టు చెప్పింది.

"మూడేళ్ళు మాటల్లేవు తల్లీ, నాకూ దానికీ. ఆఖరి రాత్రి గోడవతల నుంచి పేరు పెట్టి పిలిచింది. రెండుసార్లు. నేను మేలుకునే ఉన్నా. ఊ అనలా."

నేను కుర్చీలో బిగుసుకుపోయాను. నా దగ్గర వంద మాటలున్నాయి. అందులో మీ తప్పేముందమ్మా అన్నది అన్నిటికన్నా ముందుగా నోటి దాకా వచ్చింది. అమ్మాయి వాటిలో ఒక్కటీ అనలేదు. ముసలమ్మ పక్కకి వెళ్ళి, తలుపుకి చేరబడి నిలుచుంది. చాలాసేపటికి, చీకట్లో చాప మీద పడుకున్న పిల్ల అమ్మమ్మకు పలికినట్టు, మెత్తగా,

"ఊ" అంది.

ముసలమ్మ తొడుక్కున్న చెప్పు మళ్ళీ విడిచింది.